మైన్ల రేవు

హెల్సింకీలో మా అక్కయ్య కాపురం. వేసవి సెలవుల్లో చూడబోతే, "ఇంత దూరం వచ్చి తాలిన్ చూడకుండా పోతావేమిట్రా?" అని పట్టుబట్టింది. ఫిన్లాండ్ సింధుశాఖకు ఈ ఒడ్డున హెల్సింకీ, ఆ ఒడ్డున ఎస్తోనియా రాజధాని తాలిన్. నడుమ 80 కిలోమీటర్ల నీళ్ళు. ఓడలో 2 గంటల ప్రయాణం. నేనూ, పదేళ్ళ మేనకోడలూ బయలుదేరాం.

తాలిన్ కోటగోడల గురించీ, గోపురాల గురించీ చాలామంది రాశారు. నేను చెప్పదలచింది రేవు సంగతి.

ఒకప్పుడు నీటివిమానాలు ఉంచిన పెద్ద షెడ్డు 2012 నుంచి అక్కడ ఓడల ప్రదర్శనశాల. అందులో 'లెంబిత్' అనే జలాంతర్గామి ఉంది. ఎస్తోనియా కోసం ఇంగ్లండులోని బారోలో కట్టి, 1936లో నీళ్ళలోకి దించారు. మైన్లు మోసుకుపోయి సముద్రంలో పరచడం దాని పనుల్లో ఒకటి. 1940లో దేశం సోవియట్ల వశం కాగానే లెంబిత్ కూడా వారి నౌకాదళంలోకి పోయి, యుద్ధంలో మైన్లు పరిచింది.

మైను అంటే సముద్రపు మందుపాతర. శత్రువెవరో మిత్రుడెవరో దానికి తెలియదు. యుద్ధం ముగిసిందనీ తెలియదు. రెండు ప్రపంచ యుద్ధాల్లోనూ ఈ సింధుశాఖలో వీటిని వేలకొద్దీ పరిచారు. 1941 ఆగస్టు చివర తాలిన్ విడిచిపోతున్న సోవియట్ ఓడలు యుమిండా అగ్రం దగ్గర మైన్లలో చిక్కుకున్నాయి. డజన్లకొద్దీ ఓడలు మునిగి, వేలమంది ఆ నీళ్ళలోనే పోయారు.

బయటికొస్తే, పక్కనే నౌకాదళం రేవు. పేరు 'మీనిసదం', అంటే మైన్ల రేవు! అక్కడ ఆగి ఉన్న చిన్న బూడిదరంగు ఓడ 'అడ్మిరల్ కౌవన్' కావచ్చు, దాని తోబుట్టువు కావచ్చు; దూరాన్నుంచి పోల్చుకోలేకపోయాను.

కౌవన్ కథ వినదగినది. ఇదీ ఇంగ్లండులోనే, సౌతాంప్టన్‌లో పుట్టింది. 1988లో నీళ్ళలోకి దిగి, బ్రిటిష్ నౌకాదళంలో 'సాండౌన్' పేరుతో కొలువు చేసింది. పొడవు 52 మీటర్ల పైచిలుకు. ఒళ్ళు ఇనుము కాదు, గాజుపీచు కలిపిన ప్లాస్టిక్కు. ఇనుమును పసిగట్టి పేలే మైన్లుంటాయి మరి. ధ్వనితరంగాలు పంపి అడుగున పొంచి ఉన్నదేమిటో వెతకడం, దొరికిన మైనును ఒక్కొక్కటిగా నాశనం చేయడం దీని పని. 2007లో దీన్ని ఎస్తోనియాకు అప్పగించారు. తర్వాతి రెండేళ్ళలో ఇలాంటివే మరి రెండు వచ్చాయి.

కొత్త పేరుకూ కారణముంది. వాల్టర్ కౌవన్ 1919లో ఇక్కడి బ్రిటిష్ నౌకల సేనాని. ఎస్తోనియా స్వాతంత్ర్య సమరానికి సముద్రం వైపు కాపు కాశాడు. ఆ జూలైలోనే మర్టిల్, జెన్షియన్ అనే బ్రిటిష్ ఓడలు రెండు మైన్లు తొలగించబోయి మైన్లకే బలయ్యాయి. ఈ కౌవన్ సామాన్యుడు కాదు. 1942లో, డెబ్బై ఏళ్ళ వయసులో, ఉత్తరాఫ్రికా ఎడారిలో మన భారతీయ అశ్వికదళం ఒకదానితో కలిసి పోరాడి శత్రువులకు బందీ అయ్యాడు!

ఒకే దేశం చేతిపని రెండూ. ఒకటి మైన్లు పరచడానికి వచ్చి ప్రదర్శనశాల చేరింది. రెండోది వాటిని ఏరడానికి వచ్చింది.

తిరుగు ప్రయాణంలో మేనకోడలు రెయిలింగు పట్టుకుని నీళ్ళకేసి చూస్తూ, "మామయ్యా, మన ఓడ కింద ఇంకా ఉన్నాయా?" అని అడిగింది.

ఓడలు పోయే దారుల్ని ఏనాడో శుభ్రం చేశారని చెప్పాను. "మరి తక్కినచోట్ల?" అంది. మా పొలంలో తుంగ జ్ఞాపకం వచ్చింది. పైన ఎంత పీకినా గడ్డ లోపలే ఉంటుంది. మా నాన్నగారు పీకారు, ఇప్పుడు మా తమ్ముడు పీకుతున్నాడు.

"ఏరుతున్నారమ్మా," అన్నాను.

"నేను పెద్దయ్యేసరికి అయిపోతుందా?"

దానికి జవాబు చెప్పలేక, చలిగాలి వీస్తోందని లోపలికి తీసుకుపోయాను.