నేను ఎంచుకోని ఆటలు

ప్రతి నెలా మొదటి మంగళవారం సోనీ వీడియో గేమ్‌ల సేవ ప్లేస్టేషన్ ప్లస్ చందాదారుల కోసం కొత్త ఆటలు వస్తాయి. ఇప్పుడు మామూలుగా మూడో నాలుగో ఉంటాయి. వాటి పేర్లు అంతకు ముందు బుధవారమే చెప్పేస్తారు. నెల గడిచేలోగా స్టోర్‌లోకి వెళ్లి మన లైబ్రరీలో చేర్చుకుంటే చందా నడుస్తున్నంత కాలం ఆడుకోవచ్చు. చేర్చుకోకుండా గడువు దాటితే విడిగా డబ్బు పెట్టి కొనుక్కోవలసిందే. 2010 జూన్‌లో మొదలైన ఈ సేవలో నాకు వచ్చిన ఆటల్లో నేను ఎదురుచూసినవి కొన్నే. మనసులో నిలిచిపోయినవి మాత్రం చాలావరకు నేను ఏనాడూ కోరుకోనివి. ఇది గమనించిన తర్వాత మనిషి అభిరుచి ఎలా పెరుగుతుందన్న విషయంలో నాకు ఒక నమ్మకం కుదిరింది. దాని గురించే చెప్పాలనుకుంటున్నాను.

ముందు ధర సంగతి. ప్లేస్టేషన్ 5 (పీఎస్5) వచ్చిన కొత్తలో సోనీ సొంత స్టూడియోల కొత్త ఆట మన దేశంలో 4,999 రూపాయల దాకా ఉండేది. నెల జీతంతో నడిచే ఇంట్లో ఒక ఆట కోసం అంత పెట్టాలంటే పదిసార్లు ఆలోచిస్తాం. ట్రైలర్లు చూస్తాం, రివ్యూలు చదువుతాం, ఆడినవాళ్లను అడుగుతాం. చివరికి ఇదివరకు నచ్చిన సిరీస్‌లో తర్వాతి భాగమో, స్నేహితులందరూ ఆడుతున్న ఫుట్‌బాల్ ఆటో కొంటాం. సికింద్రాబాద్ సీటీసీ మార్కెట్‌లో పాత డిస్క్ ఇచ్చి, పైన కొంత కట్టి ఇంకోటి తెచ్చుకునేవాళ్లకు మరో లెక్క కూడా ఉంటుంది: రేపు దీన్ని తిరిగి ఇస్తే ఎంతొస్తుంది? చిన్న స్టూడియోలు చేసే వింత ఆటలు ఈ లెక్కకు అందవు. వాటిలో చాలావాటికి అసలు డిస్కే ఉండదు. ఇందులో కొనేవాళ్ల తప్పేమీ లేదు. కష్టపడి సంపాదించిన డబ్బు పెట్టేటప్పుడు భరోసా కోరుకోవడం సహజం. కాకపోతే నచ్చుతుందని ముందే తెలిసినవే కొంటూ పోతే నిరుడు నచ్చినవే ఈ ఏడూ నచ్చుతాయి. ధర పెరిగేకొద్దీ మన ఎంపిక ఇరుకైపోతుంది.

ఆ ఇరుకులోంచి నన్ను మొదట బయటికి లాగింది ‘జర్నీ’. దట్‌గేమ్‌కంపెనీ అనే అమెరికా స్టూడియో 2012లో పీఎస్3 కోసం చేసిన ఆట అది. 2016 సెప్టెంబరులో నెలవారీ ఆటల్లో వచ్చింది. ఎర్రటి వస్త్రం కప్పుకున్న ఒక ఆకారం, కనుచూపు మేర ఇసుక, దూరాన ఒక కొండ. ఎక్కడికి వెళ్లాలో చెప్పే మాట ఒక్కటీ లేదు. చంపవలసిన శత్రువు లేడు, కూడబెట్టవలసిన పాయింట్లు లేవు. రెండు గంటల్లో పూర్తయిపోతుంది. డబ్బు పెట్టి కొనాలంటే ‘రెండు గంటలకేనా?’ అని వెనక్కి తగ్గేదాన్ని.

ఆ ఇసుకలో నడుస్తుంటే ఇంకో ఆకారం ఎదురైంది. ప్రపంచంలో ఎక్కడో నాలాగే ఆడుతున్న మనిషి. పేరు కనిపించదు. మాట్లాడడానికి మైకు పనిచేయదు, రాసి పంపడానికి వీలుండదు. ఒక బటన్ నొక్కితే గంట మోగినట్టు చిన్న స్వరం వినిపిస్తుంది, అంతే. ఇద్దరూ దగ్గరికొస్తే ఎగరడానికి కావలసిన శక్తి ఒకరి నుంచి ఒకరికి అందుతుంది. మంచుకొండ ఎక్కేటప్పుడు గాలి వెనక్కి నెట్టేస్తుంటే ఆ మనిషి నా కోసం ఆగాడు. నేనూ అతని కోసం ఆగాను. ‘అతను’ అంటున్నానుగానీ ఆడో మగో, ఏ దేశమో, ఏ వయసో నాకు తెలియదు. ఆట పూర్తయిన తర్వాతే దారిలో కలిసినవాళ్ల పేర్లు తెరమీద కనిపిస్తాయి. ఆన్‌లైన్ ఆటల్లో తిట్లూ అరుపులూ విని విసిగిన నాకు, ఇద్దరు అపరిచితుల మధ్య మర్యాద తప్ప ఇంకేదీ మిగలకుండా ఆటను కట్టవచ్చని ‘జర్నీ’ చూపించింది. దర్శకుడు జెనోవా చెన్, ఆయన బృందం మనుషులు ఒకరినొకరు నొప్పించుకునే దారులన్నీ మూసేసి, సాయపడే దారులు మాత్రమే తెరిచి ఉంచారు. ఎంత ఆలోచిస్తే అంత తేలిగ్గా కనిపించే ఆట తయారవుతుందో అప్పుడు అర్థమైంది.

రెండోది నా ఒక్కదానికే సంబంధించినది కాదు. 2019 మే నెల. ఇంటర్ మొదటి సంవత్సరం పరీక్షలు రాసి నా మేనల్లుడు సెలవులకు మా ఇంటికి వచ్చాడు. ఆ ఏడాది మార్చి నుంచి పీఎస్3కీ, చేతిలో పట్టుకుని ఆడే వీటాకీ ఆటలు ఇవ్వడం ఆపేశారు కాబట్టి ఆ నెల వచ్చినవి రెండే: ‘ఓవర్‌కుక్డ్’, ‘వాట్ రిమెయిన్స్ ఆఫ్ ఎడిత్ ఫించ్’. మొదటిది వాడికి వెంటనే నచ్చింది. ఇద్దరం ఒకే వంటింట్లో కూరగాయలు తరుగుతూ, ప్లేట్లు కడుగుతూ, ఒకరి మీద ఒకరు కేకలు వేసుకుంటూ ఆడాం. రెండోదాన్ని వాడు అనుమానంగా చూశాడు.

“ఇదేం ఆట అత్తా? కొట్టేది లేదు, గెలిచేది లేదు.”

“కాసేపు చూడరా. నచ్చకపోతే తీసేద్దాం.”

‘ఎడిత్ ఫించ్’ని జెయింట్ స్పారో స్టూడియో 2017లో తెచ్చింది. మరుసటి ఏడాది బాఫ్టా ఉత్తమ గేమ్ పురస్కారం దానికే దక్కింది. అమెరికాలో వాషింగ్టన్ రాష్ట్రంలోని ఓర్కాస్ దీవిలో ఒక పాత ఇల్లు. ఆ కుటుంబంలో బతికున్న చివరి మనిషి ఎడిత్, పదిహేడేళ్ల అమ్మాయి. మూసేసిన గదుల్లోకి ఒక్కోదాంట్లోకీ దూరి, తనవాళ్లు ఒక్కొక్కరూ ఎలా పోయారో తెలుసుకుంటూ వెళ్తుంది. ఒక్కో గది ఒక్కో కథ, ఒక్కో కథకు ఒక్కో రకం ఆట.

అందులో లూయిస్ అనే కుర్రవాడిది చేపలు డబ్బాలకెత్తే ఫ్యాక్టరీలో పని. కంట్రోలర్‌లో కుడిచేతి స్టిక్‌తో చేపను కత్తి కిందికి జరిపి తల కోసి అవతలికి నెట్టాలి. మళ్లీ చేప, మళ్లీ కత్తి. అదే సమయంలో ఎడమచేతి స్టిక్‌తో అతని ఊహల్లోని ఒక చిన్న మనిషిని నడిపించాలి. ముందు ఆ ఊహ తెర మూలన ఉంటుంది. మెల్లగా పెరిగి ఊరవుతుంది, నదవుతుంది, రాజ్యమవుతుంది, తెరంతా కమ్మేస్తుంది. కుడిచెయ్యి మాత్రం చేపలు కోస్తూనే ఉండాలి. కంట్రోలర్ మావాడి చేతిలో ఉంది. కాసేపటికి నావైపు చూడకుండానే అన్నాడు:

“అత్తా, నాకు తెలీకుండానే చేపలు కోసేస్తున్నా.”

ఆ కథ విషాదంగా ముగుస్తుంది. ముగిశాక వాడు కంట్రోలర్ పక్కన పెట్టి, “నాన్న కూడా ప్యాకింగ్ సెక్షన్‌లో ఇలాగే నిలబడతాడు కదా. అప్పుడు ఏం ఆలోచిస్తుంటాడో” అన్నాడు. మా అన్నయ్య మందుల ఫ్యాక్టరీలో షిఫ్టుల్లో పనిచేస్తాడు. ఇంటికొచ్చి పని గురించి మాట్లాడే మనిషి కాదు. ఆ రాత్రి వాడు తండ్రికి ఫోన్ చేసి చాలాసేపు మాట్లాడాడు. ఏం మాట్లాడుకున్నారో నేను అడగలేదు. ఒకే పని చేస్తూ గంటల తరబడి నిలబడే మనిషి లోపల ఏం జరుగుతుందో ఆ పదిహేను నిమిషాలు వాడి రెండు చేతులకూ చెప్పాయి. సినిమాలో చూస్తే జాలిపడేవాడు. ఇక్కడ ఆ పని తానే చేశాడు. ఆటకు మాత్రమే చేతనైన పని అది. ఒక కుటుంబంలో వరసగా జరిగిన చావుల మీద ఆట అంటే నేనైతే డబ్బు పెట్టి కొనేదాన్ని కాదు. వాడైతే దాని పేరు కూడా చూసేవాడు కాదు.

ఈ ఆటల్ని కంపెనీలు దయతో ఇవ్వడం లేదని నాకు తెలుసు. 2013 నవంబరులో పీఎస్4 వచ్చినప్పటి నుంచి డబ్బు పెట్టి కొన్న ఆటల్ని ఆన్‌లైన్‌లో ఇతరులతో ఆడాలంటే చాలావరకు ఈ చందా కట్టాల్సిందే. ఆ కట్టుబాటు చేదు తగ్గడానికి నెలవారీ ఆటలు పనికొచ్చాయి. మైక్రోసాఫ్ట్ కూడా అదే 2013లో ఎక్స్‌బాక్స్‌కు ‘గేమ్స్ విత్ గోల్డ్’ అని ఇలాంటి పథకమే పెట్టింది. ఆటలు చేసేవాళ్లకూ ఇందులో లెక్కలున్నాయి. కార్లతో ఫుట్‌బాల్ ఆడే ‘రాకెట్ లీగ్’ 2015 జూలైలో విడుదలైన రోజే ప్లేస్టేషన్ ప్లస్‌లో వచ్చింది. దాన్ని చేసిన సయోనిక్స్ 2008లో అలాంటి ఆటే చేస్తే పెద్దగా ఎవరూ పట్టించుకోలేదు. ఈసారి మొదటి రోజు నుంచే మైదానం నిండా జనం. 2020 ఆగస్టులో ‘ఫాల్ గైస్’కీ అదే జరిగింది. జనం ఉంటేనే నడిచే ఆటలకు ఇలా జనం దొరుకుతారు. ‘ఎడిత్ ఫించ్’ లాంటి ఒంటరి ఆట పరిస్థితి వేరు. ఒకసారి పూర్తిచేసినవాళ్లలో చాలామంది మళ్లీ కొనరు. కంపెనీ ముందుగా మాట్లాడుకుని ఇచ్చిన సొమ్ము, ఆడినవాళ్ల నోటిమాట, ఆట చేసినవాళ్లకు ప్రధానంగా మిగిలేవి ఈ రెండే. అందుకే నచ్చిన చిన్న ఆట గురించి నలుగురికీ చెప్పడం నా బాధ్యత అనుకుంటాను.

ఈ ఆటలు మనవి కావన్నది కూడా మరిచిపోకూడదు. చందా ఆగిన రోజు తాళం పడుతుంది. మళ్లీ కడితే మళ్లీ తెరుచుకుంటుంది. ఎక్స్‌బాక్స్ 360లో ‘గేమ్స్ విత్ గోల్డ్’ కింద తీసుకున్నవి చందా లేకపోయినా ఉండిపోయేవి. తర్వాతి ఎక్స్‌బాక్స్ వన్‌లో ఆ వెసులుబాటు లేదు. 2023 సెప్టెంబరులో ఆ పథకమే ముగిసింది. అదే నెలలో ప్లేస్టేషన్ ప్లస్‌లో ప్రాథమిక స్థాయి అయిన ఎసెన్షియల్ ఏడాది చందా అమెరికాలో 59.99 డాలర్ల నుంచి 79.99కి, మన దగ్గర 2,999 రూపాయల నుంచి 3,949కి పెరిగింది. 2026 జనవరి నుంచి నెలవారీ వరసలో పీఎస్4 ఆటలకు ప్రధాన స్థానం ఉండదని సోనీ ఏడాది ముందే ప్రకటించింది. పాత యంత్రమే ఉన్న ఇళ్లకు అది చేదు వార్తే.

చిన్నప్పుడు మా ఊళ్లో అద్దె పుస్తకాల షాపు ఉండేది. తెచ్చిన నవల రేపు ఇచ్చేయాలి కాబట్టి ఆ రాత్రే చదివేవాళ్లం. సొంత బీరువాలోని పుస్తకాలు అట్టలు కూడా తెరవకుండా ఏళ్ల తరబడి ఉండిపోయేవి. నెలవారీ ఆటల్ని నేను ఆ అద్దె నవలల్లాగే చూస్తాను. లైబ్రరీలో ఎన్ని పేర్లు పేరుకున్నాయన్న దానితో నాకు పని లేదు. ఈ నెల వచ్చిన వాటిలో దేన్ని ఆడాను, అది నాలో ఏం కదిపింది అన్నదే ముఖ్యం.

అందుకే ఇప్పుడు నాకో పద్ధతి ఉంది. పేర్లు బయటికి రాగానే ముందుగా నాకు ఏమాత్రం తెలియని ఆటను ఎంచుకుంటాను. దాని రివ్యూలు చదవను. ఒక సాయంత్రం మొత్తం దానికి ఇస్తాను. అందులో కొన్ని నచ్చవు. మొహమాటం లేకుండా పక్కన పెట్టేస్తాను. నచ్చకపోవడానికి ఖర్చు లేదన్నదే ఈ ఏర్పాటులోని గొప్ప సౌకర్యం. ఆ సౌకర్యాన్ని తెలిసిన ఆటల మీద ఖర్చు చేస్తే దక్కేదేమీ ఉండదు. నచ్చినదాన్ని మాత్రం డిస్క్ దొరికితే డిస్క్, లేకపోతే తగ్గింపు ధరలో అయినా సరే, సొంతంగా కొంటాను. చేసినవాళ్లకు నా వంతు అందుతుంది, చందా ఆగినా ఆ ఆట నాతో ఉంటుంది.

పిల్లలకు ఇలాంటి చందా కట్టే తల్లిదండ్రులకు ఒక మాట. నెలకొకసారి వాళ్ల పక్కన కూర్చుని, ఈసారి ఏమొచ్చాయో అడగండి. వాళ్లు వద్దని దాటేస్తున్న ఆట ఒకటి ఉంటుంది. దాన్నే కలిసి ఓ గంట ఆడండి. కోరుకున్నవి ఎలాగూ వాళ్లు అడిగి తెచ్చుకుంటారు. ఉందని కూడా తెలియనిదాన్ని అడగలేరు కదా! అది వాళ్ల దాకా వచ్చిన రోజున, తలుపు తీసే పెద్దవాళ్లు ఒకరు పక్కన ఉండాలి.