అక్కయ్య లెక్క

మా ఇంట్లో అష్టా చెమ్మాకు పీటంటూ ఎప్పుడూ లేదు. బరంపురంలోని మా పాత ఇంటి వరండా గచ్చు మీద సుద్దముక్కతో గీసిన అయిదు వరసల గడులే మా పీట. వేసవి సెలవుల్లో మధ్యాహ్నం భోజనాలై, అమ్మ నడుం వాల్చగానే అక్కయ్య గవ్వల సంచి విప్పేది. ఆమె కాయలు చింతపిక్కలు, నావి విరిగిన గాజుముక్కలు. నాలుగు గవ్వలూ వెల్లకిలా పడితే చెమ్మా, నాలుగూ బోర్లా పడితే అష్టా. ఆ రెంటిలో ఏది పడ్డా ఇంకో పందెం. అక్కయ్య పెళ్ళై హోసూరు వెళ్ళాక ఆ సంచి ఆమెతోనే వెళ్ళింది.

ముప్పై అయిదేళ్ళు గడిచాయి. బావగారు పోయిన తరువాత మా ఫోను మాటలు రెండు నిమిషాలకు మించేవి కావు. "బాగున్నావా?" "బాగున్నాను." "షుగరు ఎంతుంది?" అంతే, ఆ తరువాత ఇద్దరికీ మాటలు దొరికేవి కావు. ఇది గమనించి పూనాలో ఉద్యోగం చేస్తున్న మా అమ్మాయి ఒక ఉపాయం చెప్పింది. "నాన్నా, మీరిద్దరూ మాట్లాడుకోకండి, ఆడుకోండి" అంది.

అది చూపించిన ప్రోగ్రాము పేరు టేబుల్‌టాప్ సిమ్యులేటర్. బెర్సర్క్ గేమ్స్ అనే సంస్థ 2015లో విడుదల చేసింది. స్టీమ్ అనే అంగడిలో కొనుక్కోవాలి. ఆడే ప్రతి ఒక్కరూ ఎవరి ప్రతి వారు కొనాలి, ఒకరిది నలుగురు వాడుకోవడం కుదరదు. సెల్‌ఫోనులో నడవదు, కంప్యూటరు కావాలి. తెరిస్తే తెర మీద ఒక బల్ల వస్తుంది. చదరంగం, పేకముక్కలు, పాచికలు వంటివి అందులోనే ఉంటాయి. మనకు కావలసిన ఆట లేకపోతే పీట బొమ్మ గీసి పెట్టుకోవచ్చు.

కలిసి ఆడే పద్ధతి పేరంటం లాంటిది. ఒకరు ఇంటివారు కావాలి. వారు గదికి ఒక పేరు, ఒక సంకేతపదం పెట్టి తెరుస్తారు. మిగతావారు జాబితాలో ఆ పేరు వెతికి, సంకేతపదం కొట్టి లోపలికి వెళ్ళాలి. వెళ్ళాక ఒక రంగు ఎంచుకుంటే బల్ల దగ్గర ఆ రంగు కుర్చీ మనది. బూడిద రంగులో ఉన్నంతసేపూ మనం చూడవచ్చిన చుట్టాలమే, ఆడేవాళ్ళం కాదు. మొదటి రోజు ఈ సంగతి తెలియక పదిహేను నిమిషాలు చుట్టంగానే కూర్చున్నాను.

ఆ రోజు ఇంకో తమాషా జరిగింది. అమ్మాయికి పీట కనిపిస్తోంది, నాకూ అక్కయ్యకూ కనిపించడం లేదు. చివరికి తెలిసిందేమిటంటే, ఆ బొమ్మ అమ్మాయి కంప్యూటరులోనే ఉండిపోయింది. దాన్ని అందరికీ అందే చోటికి ఎక్కించాక గానీ మా తెరల మీదికి రాలేదు. బీరువాలో పెట్టుకున్న పీట ఎదుటివాడికి ఎలా కనిపిస్తుంది?

పాచికల సంగతి నేను తేల్చాను. గవ్వలకు బదులు నాలుగు మామూలు పాచికలు. బేసి చుక్కలు పడితే వెల్లకిలా, సరి చుక్కలు పడితే బోర్లా. కామర్సు చదివినవాణ్ణి కదా, లెక్క వేశాను. నాలుగు పాచికలు పడే తీరులు 16. అందులో చెమ్మాకు ఒకటి, అష్టాకు ఒకటి, రెండుకు మాత్రం ఆరు. అసలు గవ్వకు వీపు ఉబ్బుగా, నోరు చదునుగా ఉంటుంది కాబట్టి రెండు వైపులా సమానంగా పడదు. ఆ విధంగా మా పాచికలే న్యాయమైనవని గొప్పగా చెప్పాను. "న్యాయం సరే, చప్పుడేదిరా?" అంది అక్కయ్య.

ఈ ప్రోగ్రాములో నన్ను ఆశ్చర్యపరచింది ఒకటుంది. ప్రత్యేకంగా రాసి పెడితే తప్ప దానికి ఆట నియమాలు తెలియవు. ఎవరైనా ఏ కాయనైనా ఎక్కడికైనా జరపవచ్చు. ఓడిపోయినవాళ్ళ కోసం కాబోలు, బల్లను తిరగేసే వీలు కూడా పెట్టారు. బ్యాంకులో ఒకరు వేసిన ఎంట్రీని ఇంకొకరు ఆమోదిస్తే గానీ ముందుకు కదలదు. ఇక్కడ ఆమోదించే అధికారి లేడు. నియమాలు మనమే చెప్పుకోవాలి, మనమే పాటించాలి.

చెప్పుకోబోతే, ఏ నియమాలు? హోసూరులో ఇరుగుపొరుగు తమిళులతో తాయం ఆడీ ఆడీ అక్కయ్య, ఒకటి పడితేనే కాయ దిగాలంటుంది. మైసూరు నుంచి వచ్చిన ఆమె కోడలికి ఇది చౌకాబారా. మా ఇంటి పద్ధతిలో చెమ్మాకో అష్టాకో దిగాలి, ఒక కాయనైనా చంపితే గానీ లోపలి వరసలోకి పోరాదు. ఒక ఆదివారమంతా ఆ వాదంతోనే సరిపోయింది. ఫోనులో రెండు నిమిషాలు మాట్లాడలేని మేము ఆ రోజు గంటన్నర పోట్లాడుకున్నాం. చివరకు అమ్మ నేర్పిన పద్ధతే ఖాయమైంది.

అయిదారు వారాలు బాగానే సాగింది. తరువాత అక్కయ్య లెక్క తప్పడం మొదలైంది. రెండు పడితే మూడు గడులు నడిపేది, మూడు పడితే రెండు. వోచర్లలో తప్పులు పట్టీ పట్టీ నాకు అదొక జబ్బు. ఒక ఆదివారం, పండబోతున్న నా కాయను రెండు పడితే మూడు నడిపి చంపేసింది. అమ్మాయి, మేనల్లుడు, కోడలు అందరూ వింటుండగానే అన్నాను: "అక్కయ్యా, చుక్కలు ఎదురుగా కనిపిస్తుంటే ఇదేం లెక్క? చిన్నప్పటిలా సాగుతుందనుకున్నావా?"

"పోనీలేరా, నువ్వే సరిచెయ్యి" అంది. మరి మాట్లాడలేదు. ఆ తరువాత రెండు ఆదివారాలు రాలేదు. ఒకసారి కరెంటు లేదంది, ఒకసారి తలనొప్పంది.

మూడో వారం ఫోను చేస్తే ఆమె మనవడు తీశాడు. "నానమ్మకు ఆట కష్టం తాతయ్యా. తెరకు ముక్కు ఆనించి చూస్తుంది. చుక్కలెన్నో నన్నే అడుగుతుంది" అన్నాడు. నేను ఇంట్లో లేనప్పుడు తనే లెక్క పెట్టుకుంటుందని కూడా చెప్పాడు.

నా నోట మాట రాలేదు. పాచిక మీద నాలుగుకూ అయిదుకూ తేడా నడుమ ఉన్న ఒక్క చుక్క. అది కనిపించకపోతే బేసి సరి అవుతుంది. ఇంట్లో గవ్వలతో ఆడేటప్పుడు ఆమె వేలితో తడిమి చూసుకునేది, అందుకే ఎవరూ పసిగట్టలేదు. అప్పుడు గుర్తు చేసుకుంటే, ఆమె తప్పుల్లో సగం ఆమెకే నష్టం చేశాయి. నాకు నష్టం వచ్చినవి మాత్రమే నేను లెక్కలో వేసుకున్నాను. ముప్పై ఏళ్ళు ఖాతాలు చూసినవాడు చేయవలసిన పనేనా అది?

ఆ ప్రోగ్రాములో ఆటను కాస్త వెనక్కి తిప్పే సౌకర్యం ఉంది. మాటకు అది లేదు. ఆ రాత్రే మేనల్లుడితో మాట్లాడాను. కంటి డాక్టరు రెండు కళ్ళలోనూ శుక్లాలు ముదిరాయన్నారు. "కొడుక్కు ఖర్చు, కోడలికి చాకిరీ ఎందుకని ఊరుకున్నానురా" అని తరువాత నాతో అంది. క్షమించమని అడిగితే, "నువ్వు అరవకపోతే వీళ్ళకు తెలిసేదా?" అని నవ్వేసింది. ఆ నవ్వు నా తప్పును కొట్టివేయలేదు.

ఆపరేషన్లు అయ్యేదాకా ఆట మానలేదు. పాచిక మీద బాణం గుర్తు ఉంచి ప్లస్ మీట నొక్కితే అది పెద్దదవుతుంది. మిఠాయి కొట్టు లడ్డూలంత చేసి పెట్టాం. పడిన పందెం ఎవరిదైనా సరే, అందరం గట్టిగా చదివేవాళ్ళం.

మన పెద్దలు చాలామంది ఇలా దూరపు ఊళ్ళలో, ఫోనులో "బాగున్నాం" అంటూ ఉన్నారు. ఆ మాట వెనుక ఏముందో నాకు ఆట చెప్పింది. మీ ఇంటి గవ్వలు ఎవరి దగ్గరున్నాయో కనుక్కోండి, వారితో వారానికి ఒక గంట కూర్చోండి. వాళ్ళ లెక్క తప్పితే కేకలు వేసే ముందు ఎందుకు తప్పిందో అడగండి.

రెండో కన్ను కట్టు విప్పిన వారం తరువాత అక్కయ్య గదిలోకి వచ్చి ఎర్ర కుర్చీలో కూర్చుంది. బల్ల వంక చూసి, "ఏమిట్రా ఈ బండి చక్రాలు? చిన్నవి చెయ్యి" అంది. పందెం వేసింది. చెమ్మా. ఈసారి లెక్క నేను సరిచూడలేదు.