జీతానికి బదులు గాజు గ్లాసులు

రష్యాలోని వ్లదీమిర్ నగరం నుంచి దక్షిణంగా 60 కిలోమీటర్ల పైచిలుకు వెళ్తే గూస్ హ్రుస్తాల్నీ వస్తుంది. 1756లో అకీమ్ మాల్త్సోవ్ పెట్టిన గాజు ఫ్యాక్టరీ చుట్టూ పెరిగిన ఊరు. ఆ వంశం వాళ్లు కార్మికులకు కట్టించిన ఎర్ర ఇటుకల ఇళ్లలో జనం ఇప్పటికీ కాపురాలుంటున్నారు. సెయింట్ జార్జి చర్చి ఇప్పుడు గాజు మ్యూజియం. వస్నెత్సోవ్ గీసిన ‘తుది తీర్పు’ చిత్రం ఎదుట వైన్ గ్లాసులు వరసదీరి మెరుస్తుంటాయి. తీర్పు చెప్పే దేవుడికి ఓపిక ఎక్కువే!

నేను ఎక్కువసేపు గడిపింది మాత్రం గాజు బజారులో, ఒక పెద్దావిడ కొట్టు దగ్గర. ఫ్యాక్టరీలో గాజు మీద నగిషీ కోసేదట. 1992 జనవరిలో ప్రభుత్వం చాలా సరుకుల ధరల మీద అదుపు ఎత్తేసింది. దాచుకున్న రూబుళ్లు చూస్తుండగానే విలువ లేకుండా పోయాయి. ఫ్యాక్టరీలో నగదు లేదు, సరుకు గుట్టలుగా ఉంది. దాంతో జీతానికి బదులు కూజాలు, గ్లాసులు చేతిలో పెట్టారు. నేతగాడికి కూలి కింద చీరలే ఇచ్చి అమ్ముకోమన్నట్టు.

“మా ఆయన రోడ్డు పక్కన, నేను స్టేషన్లో నిలబడేవాళ్లం బాబూ. చలికి వేళ్లు కొంకర్లు పోయేవి. గ్లాసు జారిందా, ఆ పూట రొట్టె లేనట్టే” అంది.

ఆ రోజుల్లో వాళ్ల కడుపు నింపింది బంగాళాదుంప. దాన్ని పండించుకున్నది సోవియట్ కాలంలో ఫ్యాక్టరీలు పంచిన తోట స్థలంలో: 600 చదరపు మీటర్లు, మన లెక్కలో 15 సెంట్లకు కాస్త తక్కువ. ఉంటున్న ఫ్లాటు 1991 చట్టం పుణ్యమా అని పైసా ఖర్చు లేకుండా సొంతమైంది. దాన్ని వెచ్చగా ఉంచే బిల్లు మాత్రం పింఛనులోంచి కట్టాల్సిందే.

ఒకప్పుడు రష్యాలో ప్రతి ఇంటి అద్దాల బీరువాలోనూ ఈ గాజు ఉండేది. ఇప్పటి కుర్రజంటలకు అది అమ్మమ్మ సామాను. 2012లో ఫ్యాక్టరీ మూతపడి, తర్వాత చిన్నపాటి ఎత్తున మళ్లీ తెరుచుకుంది. ఉన్నచోట పని చాలక ఇలాంటి ఊళ్ల మగవాళ్లు చాలామంది మాస్కోలో కొన్ని వారాలు కాపలా పనులు చేసి, కొన్ని వారాలు ఇంటిపట్టున ఉంటారు.

ఇటువైపు వెళ్తే బజారులో ఒక గ్లాసైనా కొనండి. కొనేముందు నగిషీ అంచును వేలితో తడమండి. పదునుగా తగిలితే మనిషి కోసింది, నున్నగా ఉంటే అచ్చులో పోసింది.