ఆటలన్నీ అన్న పేరు మీదే!

ఇంజినూ, స్టీరింగూ, నాలుగు చక్రాలూ... అంతే. క్యాబిన్ లేదు, తొట్టి లేదు. డ్రైవరు చెక్క సీటు మీద కూర్చుని, తలకి హెల్మెట్ తగిలించుకుని, ఎండకీ వానకీ ఓర్చుకుంటూ ఎక్కడో ఫ్యాక్టరీ నుంచి చాసిస్‌ను నడుపుకుంటూ వస్తాడు. విజయవాడ జవహర్ ఆటోనగర్‌లోకి వచ్చాకే అది లారీ అవుతుంది. క్యాబిన్ వస్తుంది, తొట్టి వస్తుంది, రంగులు వస్తాయి, వెనకాల ఓ సూక్తి కూడా వస్తుంది! కొత్త బండి కట్టడం ఎంత విద్యో, పాత బండిని విప్పడమూ ఇక్కడ అంతే విద్య. ఇంజిన్ ఒకరికి, గేర్‌బాక్స్ ఇంకొకరికి, కమాన్ కట్టలు మరొకరికి. పాత బండిలో పనికొచ్చేదాన్ని విప్పి కొత్త బండికి బిగించుకోవడం ఇక్కడి కుర్రాడికి మీసాలు రాకముందే అబ్బే విద్య.

అలాంటి చోట పాతికేళ్లుగా లారీ బాడీలు కడుతున్న ఓ షెడ్డు యజమానికి 2024 దసరా సెలవుల్లో ఓ చిక్కు ఎదురైంది. చిన్నకొడుకు పాత ప్లేస్టేషన్-4ని ఇచ్చేసి ప్లేస్టేషన్-5 కొంటానన్నాడు. ‘పాతదాంట్లో ఉన్న ఆటలు విప్పి కొత్తదాంట్లో వేసుకుంటే పోలా’ అన్నాడాయన. అది విప్పితే వచ్చేది కాదని ఆయనకి అర్థమవడానికి వారం పట్టింది. కొడుక్కి అర్థమవడానికి ఇంకో రోజు ఎక్కువే పట్టింది!

ఆ ఇల్లు ఆటోనగర్‌కి కూతవేటు దూరంలో, పటమటలో. పీఎస్-4 ఆ ఇంటికొచ్చింది 2017లో. మన దేశంలో అది 2014 జనవరిలోనే విడుదలైనా, పెద్దకొడుకు ఇంటర్ గండం గట్టెక్కి ఇంజినీరింగ్‌లో కుదురుకునేదాకా తల్లి ఒప్పుకోలేదు. ఒప్పుకున్నాకా ఓ షరతు పెట్టింది... ఆటలకని నెలనెలా డబ్బులు తగలేయకూడదని. అప్పుడు దొరికిందే ప్లేస్టేషన్ ప్లస్. ఏడాదికోసారి చందా కడితే నెలకి రెండుమూడు ఆటలు ఇస్తారు. ఆ నెల దాటకముందే వాటిని మన లైబ్రరీలో చేర్చుకోవాలి. చేర్చుకున్నవి చందా నడిచినన్నాళ్లూ మన పేరు మీదే ఉంటాయి. దించుకుని ఆడామా లేదా అన్నదాంతో పనిలేదు. పెద్దవాడు నెల మొదట్లో పాలవాడి లెక్క చూసినంత నిక్కచ్చిగా ఆటలు చేర్చేవాడు. కాలేజీ అయి హైదరాబాద్‌లో ఉద్యోగంలో చేరినా ఆ అలవాటు మానలేదు. అలా అలా లైబ్రరీలో ఆటలు వంద దాటాయి.

2020 ఏప్రిల్‌లో ఆ నెల ఆటగా ‘అన్‌చార్టెడ్-4’ ఇచ్చారు. బయట లాక్‌డౌన్. హైదరాబాద్ నుంచి పెద్దవాడు ఇంటికి వచ్చేశాడు. షెడ్లన్నీ మూతపడి, పొద్దస్తమానం వినిపించే సుత్తుల చప్పుడు ఆగిపోవడంతో ఆటోనగర్ ఎన్నడూ లేనంత నిశ్శబ్దమైంది. తోచుబాటుకాక తండ్రి కూడా పిల్లల పక్కన చేరాడు. నిధుల వేట, తుపాకులు ఆయనకి ఎక్కలేదు గానీ మడగాస్కర్‌లో జీపు నడిపే ఘట్టం వచ్చేసరికి లేచి కూర్చున్నాడు. ఎర్రటి బురద... ఎక్కలేక జారిపోయే జీపు... దాని ముందున్న విన్చి తాడు లాగి చెట్టుకి చుట్టి పైకి లాక్కోవాలి. ‘ఒరేయ్, ఇటియ్యి, తాడు అట్టా కాదు కట్టేది’ అంటూ చేతుల్లోంచి కంట్రోలర్ లాక్కున్నాడట! ఆ తర్వాత రోజూ సాయంత్రం ఆయన కాసేపు జీపు నడపడం రివాజైంది. ఆయన కోసం చిన్నవాడు ఆ చోటు దగ్గర ఓ సేవ్ విడిగా ఉంచాడు. కథ ఎంత ముందుకెళ్లినా ఆ సేవ్ మాత్రం అక్కడే, ఆ బురద దగ్గరే ఉండేది.

2022లో పెద్దవాడు డాలస్ వెళ్లిపోయాడు. కానీ ఆటలన్నీ అతని ఖాతాలోనే ఉన్నాయి. ఇంట్లో ఉన్న పీఎస్-4ని అతని పేరు మీద ‘ప్రైమరీ’గా పెట్టడంతో, ఆ పెట్టె మీద తమ్ముడు తన సొంత ఖాతాతోనే అన్న ఆటలు ఆడుకునేవాడు. అంటే ఆట అన్నది. ఆడుతూ ఎక్కడిదాకా వచ్చాడన్న లెక్క, అదే సేవ్, తమ్ముడిది. ఈ తేడా గట్టిగా గుర్తుపెట్టుకోండి. అసలు చిక్కంతా ఇక్కడే ఉంది.

హార్డ్ డిస్క్ ఉందిగా!

చిన్నవాడి ధీమా అంతా పీఎస్-4కి తగిలించిన హార్డ్ డిస్క్ మీద. అది తీసి పీఎస్-5కి పెడితే అందులోని పీఎస్-4 ఆటలు మళ్లీ దించుకోనక్కర్లేకుండానే నడుస్తాయి. అది నిజమే. పీఎస్-4 ఆటల్లో వేళ్ల మీద లెక్కపెట్టగలిగినన్ని తప్ప అన్నీ పీఎస్-5 మీద ఆడతాయి. ‘చూశావా నాన్నా, నువ్వన్నట్టే విప్పి బిగించడమే’ అన్నాడు. తండ్రి సంబరపడ్డాడు. ఏలూరు రోడ్డులోని ఓ దుకాణం పాత పెట్టెను ఎక్స్‌ఛేంజ్‌లో తీసుకోవడానికి ఒప్పుకుంది. శనివారం పొద్దున ఇచ్చేయాలి. దుకాణంవాళ్లు దాన్ని పూర్తిగా చెరిపేసి మరొకరికి అమ్ముకుంటారు.

శుక్రవారం రాత్రి తొమ్మిదింటికి డాలస్ నుంచి ఫోన్. అక్కడ పొద్దున పదిన్నర. అన్న ఒక్కటే అడిగాడు... ‘సేవ్‌లు తీశావా?’

‘హార్డ్ డిస్క్‌లో ఉన్నాయిగా అన్నయ్యా!’

లేవు. బయటి డిస్క్‌లో ఉండేవి ఆటలే. సేవ్‌లు పెట్టె లోపలి డిస్క్‌లోనే ఉంటాయి. యాభై జీబీల ఆటను పోగొట్టుకున్నా ఖాతా ఉంటే మళ్లీ దించుకోవచ్చు. కొద్దిపాటి జాగాలో ఇమిడిపోయే సేవ్ పోతే మాత్రం పోయినట్టే. దించుకోవడానికి వీలున్నదాన్ని భద్రంగా దాచి, వీల్లేనిదాన్ని దుకాణానికి ఇచ్చేయబోయాడు చిన్నవాడు. సేవ్‌లు క్లౌడ్‌లో ఉంటాయి కదా అని మీకు అనిపించవచ్చు. ఉంటాయి, ప్లస్ చందా ఉన్న ఖాతావైతే. అన్న చందాతో తమ్ముడు ఆటలు ఆడుకోగలడు గానీ క్లౌడ్‌లో దాచుకునే వసతి మాత్రం చందాదారుడికే. తమ్ముడి నాలుగేళ్ల ఆట, తండ్రి జీపూ ఒక్క ఆ పెట్టెలోనే ఉన్నాయి.

అదృష్టం ఏమిటంటే దారి కష్టమైంది కాదు. రెండు పెట్టెలూ ఇంట్లో ఉన్నప్పుడు, రెండింటినీ ఒకే వైఫైకి గానీ ల్యాన్ కేబుల్‌కి గానీ కలిపితే పీఎస్-5 సెట్టింగ్స్‌లో డేటా ట్రాన్స్‌ఫర్ అని ఉంటుంది. చందాతో పనిలేదు. ఎవరి సేవ్ వాళ్ల ఖాతా కిందే కొత్తదాంట్లోకి వెళుతుంది. కొత్తది ఇంకా కొనకపోతే పీఎస్-4 సేవ్‌లను పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసి ఉంచుకోవచ్చు. (పీఎస్-5 ఆటల సేవ్‌లకి ఈ పెన్‌డ్రైవ్ సౌకర్యం లేదు. పాతదాంట్లో ఉన్న సుఖం కొత్తదాంట్లో ఉండాలని లేదుగా!) కొన్ని ఆటలకి మాత్రం పీఎస్-5 కోసం వేరే వెర్షన్ ఉంటుంది. అలాంటప్పుడు పాత వెర్షన్ తెరిచి, అందులోంచే సేవ్‌ను పైకి పంపి, కొత్త వెర్షన్‌లో దించుకోవాల్సి రావచ్చు. ‘అన్‌చార్టెడ్-4’కి అలాంటి పీఎస్-5 వెర్షన్ 2022 జనవరిలో వచ్చింది. మామూలుగా కొన్నవాళ్లకి కొద్ది డబ్బుతో అందులోకి మారే వీలిచ్చారు. ప్లస్ చందాలో తీసుకున్నవాళ్లకి ఆ వీలు లేదు. పీఎస్-4 వెర్షనే కొత్త పెట్టె మీద ఆడుకోవాలి. జీపుకి అదేం తక్కువ కాదులెండి.

దుకాణానికి వెళ్లడం సోమవారానికి వాయిదా పడింది.

కౌలు లెక్క

సేవ్‌లు వచ్చాయి. మరి ఆటలు? పెద్దవాడి ఖాతాతో కొత్త పెట్టెలోకి లాగిన్ అవ్వాలి. పాస్‌వర్డ్ కొట్టగానే డాలస్‌లోని ఫోన్‌కి కోడ్ వెళ్లింది. అతను మీటింగ్‌లో ఉన్నాడు. అతను చూసి చెప్పేలోపు గడువు దాటింది. మళ్లీ కొట్టారు. మూడోసారికి లోపలికి వెళ్లారు. తీరా చూస్తే లైబ్రరీలో ఆట ఆటకీ తాళం గుర్తు!

చందా అయిపోయింది. 2021 అక్టోబరు 1 నుంచి రిజర్వు బ్యాంకు నిబంధనలు మారి, కార్డుల మీద వాటంతటవే జరిగే చెల్లింపులకి అదనపు అనుమతి తప్పనిసరి అయ్యాక, చాలామందికి రకరకాల చందాలు చెప్పాపెట్టకుండా ఆగిపోయాయి. ఈ ఇంట్లో అప్పట్నుంచీ ఏటా రూపాయల గిఫ్ట్ కార్డు కొని వాలెట్‌లో వేసుకుంటున్నారు. ఈసారి అన్న అమెరికా హడావుడిలో, తమ్ముడు పరీక్షల్లో మరిచిపోయారు. అన్న అక్కడి కార్డుతో కడదామంటే ఖాతా ఇండియాది. ఏ దేశం పేరు మీద తెరిచిన ఖాతా ఆ దేశానిదే, తర్వాత మార్చుకోవడం కుదరదు.

తండ్రికి ఇక్కడే తిక్క రేగింది. ‘ఏడేళ్లు కట్టాంగదరా! లారీకి కిస్తీలు కడితే ఓనాటికి తీరిపోద్ది. ఎన్‌ఓసీ తెచ్చుకుని ఆర్సీ మీద ఫైనాన్సోడి పేరు కొట్టేయిస్తే బండి మనదవుద్ది. ఇదెప్పుడు మనదవుద్ది?’

ఎప్పటికీ కాదన్నాడు కొడుకు. ఇదెక్కడి న్యాయమన్నాడు తండ్రి. ఇద్దరి వాదనా విని, పండక్కి కంకిపాడు నుంచి వచ్చిన తాతయ్య ఒక్క ముక్కలో తేల్చేశాడు. ‘కౌలురా అది. కట్టినన్నాళ్లూ దున్నుకో. మానేస్తే గట్టు దిగు. పొలం ఆసామిది, పంట నీది.’ కంప్యూటర్ ముఖం చూడని మనిషి చెప్పిన ఈ మాట కంపెనీల నిబంధనల పత్రాల కంటే ఎంతో స్పష్టంగా ఉందనక తప్పదు. కౌలుతో పోలిస్తే ఒక మేలు కూడా ఉంది. మళ్లీ చందా కట్టగానే, పాత ఖాతా అదే అయితే, చేర్చుకున్న నెలవారీ ఆటలన్నీ తాళాలు ఊడి ఉన్నవి ఉన్నట్టు వచ్చేస్తాయి. కొత్త ఖాతా తెరిచారో, అవన్నీ పోయినట్టే. ‘ఎలాగూ కొత్త పెట్టె కదా, కొత్త ఖాతా తెరుద్దాం’ అనుకునేవాళ్లు నష్టపోయేది అందుకే. 2022లో ప్లస్‌ని మూడు అంతస్తులు చేశాక, ఖరీదైన రెండింటిలో వచ్చే వందల ఆటల కేటలాగ్ మాత్రం వేరే సంగతి. అందులోవి కంపెనీ తీసేసిన రోజున చందాదారులకీ పోతాయి.

చందా కట్టారు. తాళాలు ఊడాయి. అప్పుడు బయటపడింది ఇంకో విశేషం. అసలు పెట్టే లేకుండా, 2021 నుంచి పెద్దవాడు ఫోన్‌లోంచే పీఎస్-5 ఆటల్ని కూడా నెలనెలా చేర్చేస్తూ వచ్చాడు! మన దేశంలో పీఎస్-5 ఆ ఏడాది ఫిబ్రవరి 2న 49,990 రూపాయలకి విడుదలైంది. అప్పుడు కొనే స్తోమత లేకపోయినా ‘ఎప్పటికైనా కొంటాంగా’ అని చేర్చాడట. అలా వచ్చిన వాటిలో 2021 మే నెల ఆట ‘రెక్‌ఫెస్ట్’ ఒకటి. కార్లు గుద్దుకుంటూ తుక్కుతుక్కయ్యే పందెం. అది చూసి తండ్రి, ‘ఇంత టింకరింగ్ పని ఎవడు చేస్తాడ్రా బాబూ’ అని తల పట్టుకున్నాడు.

ఇంకొక్క ముడి మిగిలింది. అన్న ఖాతాలోని ఆటల్ని తమ్ముడు తన ఖాతాతో ఆడాలంటే కొత్త పెట్టె మీద ‘కన్సోల్ షేరింగ్’ అన్న మీట వేయాలి. ఒక ఖాతాకి అది ఒక్క పీఎస్-5 మీదే పనిచేస్తుంది. అన్న డాలస్‌లో 2023లోనే పీఎస్-5 కొనుక్కున్నాడు. ఆ మీట అక్కడ వేసి ఉంది. ఇక్కడ వేస్తే అక్కడ పోతుంది. అక్కడతని గదిలో ఉండే స్నేహితులు వాళ్ల ఖాతాలతో ఆ ఆటలు ఆడలేరు. నెట్ పోతే అతనూ ఆడలేడు. నెట్ ఉండి, తన ఖాతాతో తాను లాగిన్ అయితే మాత్రం ఎక్కడి నుంచైనా ఆడుకోవచ్చు.

తమ్ముడు అడగడానికి మొహమాటపడ్డాడు. రెండు రోజులు నానబెట్టాడు. చివరికి తల్లే ఫోన్‌లో కదిపింది. ‘అదేంటమ్మా, ఇంట్లోనే ఉండనీ’ అన్నాడు పెద్దవాడు. డాలస్‌లో మీట తీసేశాడు. పటమటలో వేశారు.

2026 జనవరి నుంచి ప్లస్ నెలవారీ ఆటల్లో పీఎస్-4వి ఎప్పుడో ఒకటి తప్ప ఉండవని ఏడాది ముందే కంపెనీ ప్రకటించింది. అప్పటికే చేర్చుకున్నవాటికి ఢోకా లేదు. కాబట్టి పాత పెట్టె ఎటూ కాకుండా పోలేదు. పీఎస్-4కి ‘ప్రైమరీ’ హోదా విడిగా ఉంటుంది, పీఎస్-5 మీద మీట వేసినా అది చెరగదు. ఈ సంగతి తెలిశాక సోమవారం దుకాణానికి వెళ్లడం కూడా మానుకున్నారు. తండ్రి దాన్ని షెడ్డుకి తీసుకెళ్లి, మూత విప్పి, ఫ్యాన్‌లో ఏడేళ్లుగా పేరుకున్న దుమ్ము కంప్రెసర్ గాలితో జాగ్రత్తగా ఊదించాడు. విమానంలా రొద పెట్టే పెట్టె నోరు మూసుకుంది. ఇప్పుడది షెడ్డు ఆఫీసు గదిలో ఉంది. మధ్యాహ్నం అన్నాలయ్యాక పనికుర్రాళ్లు ఓ అరగంట ఆడతారు.

ఆ గదిలో గోడకి వెంకట్రామా క్యాలెండర్ ఉంది. అందులో ఏ బండికి ఎప్పుడు ఫిట్‌నెస్, ఏ బండికి ఎప్పుడు ఇన్సూరెన్స్, ఎవరికి పర్మిట్ గడువు అన్నీ ఎర్ర ఇంకుతో రాసి ఉంటాయి. అక్టోబరు పేజీలో ఓ తేదీకి సున్నా చుట్టి, పక్కన తండ్రి చేతిరాతతో ఇలా ఉంది... ‘పెద్దోడి ఆటల కౌలు’.