కారణము వ్రాయని కాగితము

మా నాయనగారు బెంగుళూరు బళేపేటలోని ఒక బట్టల అంగడిలో లెక్కలు వ్రాసెడివారు. ముత్తాతగారు కదిరి సీమ విడిచి వచ్చిననాటి నుండి మేమిక్కడివారమే. ఇంట తెలుగు, వీధిలో కన్నడము. అయినను మా నాయన నోట తరచుగా వినవచ్చు మాట యొకటి యుండెను: "మనం బతకొచ్చినోళ్లం. సర్కారు జోలి మనకొద్దు." ఈ సంచిక చదువు పెక్కు కుటుంబములలో ఈ మాట ఏదో యొక రూపమున వినబడియే యుండును. దీని మంచిచెడ్డలను గూర్చియే నాలుగు ముక్కలు వ్రాయదలచితిని.

1975 జూన్ 25వ తేదీన దేశమున అత్యవసర పరిస్థితి ప్రకటింపబడెను. మరుసటి యేడు నేను ఎస్.ఎస్.ఎల్.సి. తరగతిలో ఉంటిని. బడికి పోవు దారి శేషాద్రి రోడ్డున సెంట్రల్ జైలు గోడ ప్రక్కగా సాగెడిది. లోపల అద్వానీ, మధు దండవతే వంటి ప్రతిపక్ష నాయకు లున్నారని పెద్దలు గొంతు తగ్గించి చెప్పుకొనెడివారు. పత్రికలకు సెన్సారు. ఆ గోడ వెనుక ఒక తెలుగు కవి భార్య కూడ ఉన్నదని మాకెవరును చెప్పలేదు. నేను ఆ గోడ నీడన నడచుచు లెక్కల సూత్రములు వల్లె వేసికొనెడివాడను.

ఆమె పేరు స్నేహలతా రెడ్డి. 1932లో జన్మించెను. భర్త నెల్లూరి సీమవాడైన తిక్కవరపు పట్టాభిరామరెడ్డి. 1939లో 'ఫిడేలు రాగాల డజన్' వెలువరించి తెలుగు కవిత్వమున కలకలము రేపినవాడు. ఆయన 1970లో అనంతమూర్తిగారి నవలను 'సంస్కార' అను కన్నడ చిత్రముగా తీసెను. అందు చంద్రి పాత్ర ధరించినది స్నేహలతయే. అది ఆ యేటి జాతీయ ఉత్తమ చిత్రమైనది. దంపతు లిరువురును రామమనోహర లోహియా సోషలిస్టు మార్గమును నమ్మినవారు. ఆమెకు ఏ పదవియు లేదు. నమ్మిన మాటను పైకి చెప్పు ధైర్యము మాత్ర ముండెను.

అజ్ఞాతమున నుండి ప్రభుత్వము నెదిరించుచుండిన జార్జి ఫెర్నాండెజు ఆమెకు మిత్రుడు. 1976 ఏప్రిల్ 28న సుప్రీంకోర్టు, అత్యవసర పరిస్థితి యున్నంతకాలము నిర్బంధితులు హెబియస్ కార్పస్ కోరి కోర్టు నాశ్రయింపజాలరని తీర్పు చెప్పెను. సరిగా నాలుగు దినములకు, మే 2న, స్నేహలతను అరెస్టు చేసిరి. బరోడా డైనమైటు కేసులో అనుమాన మనిరి. కాని తుదకు దాఖలైన నేరారోపణ పత్రములో ఆమె పేరే లేదు. అయినను 'మీసా' చట్టము క్రింద జైలులోనే యుంచిరి. ఆ చట్టమునకు అప్పుడు చేసిన సవరణ ప్రకారము నిర్బంధమునకు కారణము తెలుపనక్కరలేదు.

ఆమెకు చిరకాలముగా ఉబ్బసము. జైలులో అది ముదిరెను. రాత్రివేళ ఆమె కేకలు తమకు వినబడెడివని దండవతేగారు పిదప వ్రాసిరి. అట్టి స్థితిలోను తోటి ఖైదీ స్త్రీలను కొట్టరాదని, వారికి తినదగిన తిండి పెట్టవలెనని ఆమె పోరాడెను. 1977 జనవరి 15న పెరోలుపై విడిచిరి. 18న లోకసభ ఎన్నికలు జరుగునని ప్రకటన వెలువడెను. 20న ఆమె కన్నుమూసెను. వయస్సు నలుబదియైదేండ్లు నిండలేదు. మార్చి 21న అత్యవసర పరిస్థితి తొలగిపోయెను. ఆమె జైలులో వ్రాసికొనిన దినచర్య ఆ యేడే అచ్చయినది.

మరణవార్త మా నాయనకు అంగడిలో తెలిసినది. ఆయన పడుచుతనమున పట్టాభి కవితలు చదివి నవ్వుకొనినవారు. ఆ రాత్రి విస్తరి ముందు కూర్చుండి అమ్మతో, "ఎనిమిది నెలలంట. ఏం తప్పు చేసిందో ఎవరూ చెప్పలేదంట" అనిరి. అన్నము కలిపిన చేయి కదలలేదు. అంతలో నన్ను చూచి, "నువ్వు చదువుకోరా, పరీక్షలు దగ్గరకొచ్చినాయి" అనిరి. నేను చదువుకొంటిని.

ఆ పరీక్ష ప్యాసై, కొన్నాళ్లకు ఒక కార్యాలయమున గుమాస్తాగా చేరితిని. ముప్పదియైదేండ్లకు పైగా కాగితములు వ్రాసితిని. ఒకనాడు ఒక ఉత్తర్వు నా బల్లపైకి వచ్చెను. పైవారి తప్పును నలుగురిలో అడిగిన ఒక పడుచు టైపిస్టును దూరపు ఊరికి బదిలీ చేయవలెను. ఆమెకు చంటిబిడ్డ. కారణమను చోట 'పరిపాలనా సౌలభ్యము' అని వ్రాయుమనిరి. అది నిజము కాదని నాకు తెలియును. వ్రాసితిని. ఆమె ఆ కాగితము నందుకొనుచు, "మీ దస్తూరి బాగుంటుంది సార్" అని కన్నడములో అనెను. అది మెప్పో, ఎత్తిపొడుపో నాకు నేటికిని తెలియదు.

నాటినుండి స్నేహలతా రెడ్డి మాట తలపునకు వచ్చినపుడెల్ల ఒక ఆలోచన నన్ను విడువదు. ఆమెను నిర్బంధింపుమనినవారు పెద్దలే. కాని ఆ ఉత్తర్వును ఎవరో ఒక గుమాస్తా వ్రాసి యుండును. మరొకడు టైపు చేసి యుండును. వేరొకడు రిజిస్టరులో ఎక్కించి, నంబరు వేసి యుండును. సాయంకాలము అందరును ఇండ్లకు పోయి, పిల్లల చదువులు విచారించి, భోజనములు చేసి యుందురు. వారు దుర్మార్గులని నే ననజాలను. నావంటివారే. జోలి వద్దనుకొనినవారే.

ఆ జైలు 2000 సంవత్సరమున పరప్పన అగ్రహారమునకు తరలిపోయెను. పాతచోటు 2008 నుండి ఫ్రీడమ్ పార్కు. 1976 నాటి తీర్పును 2017లో సుప్రీంకోర్టే త్రోసివేసెను. మొన్న పదవ తరగతి చదువు మనుమరాలిని ఆ పార్కునకు తీసికొనిపోయి, మిగిలిన జైలు గదులు చూపి ఈ కథ చెప్పితిని.

"ఆమె చేసిన నేరమేమి తాతా?" అని అడిగెను.

"ఎక్కడా రాయలేదమ్మా" అంటిని.

"అప్పుడు నువ్వెక్కడుంటివి?"

రోడ్డు వంక చూపితిని.

మా నాయన భయమును నేను తప్పుపట్టను. ఆ భయమే మా కడుపులు నింపినది. కాని నాలుగు తరములు గడచినవి. మన పెద్దల అస్థికలు ఈ నీటనే కలిసినవి. మన పిల్లలు ఈ బడులలోనే చదువుచున్నారు. ఇంకను బ్రతుకవచ్చినవారమే యనుకొనుట ఇప్పుడు వినయము కాదు, తప్పించుకొనుట. కారణము చెప్పక ఎవరినైనను పట్టుకొనిపోయినపుడు, ఆమె తెలుగుదియా, కన్నడిగయా, ఏ పక్షముది యని అడుగక, "కారణమేమి?" యని అడుగుట మన పిల్లలకు నేర్పుదము. నేను పదునారవ యేట అడుగలేదు. ఉద్యోగమున నుండగా అడుగలేదు. అడుగని వాని మాటగా దీనిని స్వీకరింపుడు.