పదిహేడో కాలమ్

మినీ ప్రాజెక్టు మొదలైన రోజు నేనొక పెద్ద మాట అన్నాను. "లైబ్రరీ ఎందుకురా, పీడీబీ ఫైల్ అంటే ఉత్త టెక్స్ట్ ఫైలే కదా! పార్సర్ నేనే రాస్తా." మా రూమ్మేట్ బయోపైథాన్ వాడదామన్నాడు. అది వాడేస్తే వైవాలో మనం చేసిందేంటని అడుగుతారన్నాను. నిజం చెప్పాలంటే అది వైవా భయం కాదు, పొగరు.

యాభై లైన్లలో రాసేశాను. ప్రొటీన్ డేటా బ్యాంక్ నుంచి దించిన ఫైల్లో ఒక్కో లైన్‌కి ఒక్కో పరమాణువు. లైన్‌ని ఖాళీల దగ్గర స్ప్లిట్ చేస్తే నాలుగో ముక్క ఆమైనో ఆమ్లం పేరు; ఏడు, ఎనిమిది, తొమ్మిది ముక్కలు ఎక్స్, వై, జెడ్. మందు అణువుకి 5 ఆంగ్‌స్ట్రామ్‌ల లోపు ఏ ఆమైనో ఆమ్లాలున్నాయో జాబితా తియ్యాలి. తీసింది. ఒక్క ఎర్రర్ లేదు. ఆ జాబితా పట్టుకుని మావాడు రాత్రంతా కూర్చుని రిపోర్టులో పేజీన్నర రాశాడు: ఫలానా సెరీన్ మందుకి అందనంత దూరంలో ఉంది, ఎందుకై ఉండొచ్చు అని. ఫస్ట్ రివ్యూలో మేడం బాగుందన్నారు కూడా.

సెకండ్ రివ్యూకి రెండు రోజుల ముందు ఇంకో ప్రొటీన్ ఫైల్ ఇస్తే నా కోడ్ కూలబడింది. మైనస్ వంద దాటిన కోఆర్డినేట్లు మధ్యలో ఖాళీ లేకుండా అతుక్కుపోయి ఉన్నాయి. అప్పుడు, ఎవరూ చూడకుండా, బయోపైథాన్ ఇన్‌స్టాల్ చేసి దాని ఫోల్డర్‌లోకి దూరాను. పీడీబీపార్సర్ అనే ఫైల్ తెరిచాను. కోఆర్డినేట్లు చదివే చోట స్ప్లిట్ అన్నదే లేదు. 30 నుంచి 38 దాకా ఎక్స్, 46 దాకా వై, 54 దాకా జెడ్. అంతే, గళ్లు లెక్కపెట్టి కోసుకోవడమే.

ఈ డేటా బ్యాంక్ 1971లో బ్రూక్‌హేవెన్ నేషనల్ లాబొరేటరీలో 7 నిర్మాణాలతో మొదలైంది. అప్పటి పంచ్ కార్డుకి 80 గళ్లు, ఈ ఫైల్లో లైన్‌కీ 80 అక్షరాలు. ఏ గడిలో ఉందన్నదే ముఖ్యం, మధ్యలో ఖాళీ ఉండాలని రూలేం లేదు. పరమాణువు వరుస నంబరుకి 5 గళ్లే ఇచ్చారు కాబట్టి 99,999 దాటిన పెద్ద నిర్మాణాలు ఇందులో పట్టవు. 2014 నుంచి ఎంఎంసిఫ్ అనే వేరే ఫార్మాట్‌ని ప్రామాణికం చేశారు. దాన్ని చదివే పార్సర్ ఫైల్ కూడా అదే ఫోల్డర్‌లో పక్కనే ఉంది.

అలా చదువుతూ పోతుంటే 17వ గడి దగ్గర ఆగిపోయాను. (పైథాన్ సున్నా నుంచి లెక్కపెడుతుంది కాబట్టి కోడ్‌లో అది 16.) స్ఫటికంలో ఒక పరమాణువు రెండు చోట్ల కనిపిస్తే రెండింటినీ ఏ, బీ అని గుర్తుపెట్టి ఉంచుతారు. ఆ అక్షరం 17వ గడిలో, ఆమైనో ఆమ్లం పేరుకి ఆనుకునే ఉంటుంది. నా స్ప్లిట్‌కి దొరికింది 'ఎస్ఈఆర్' కాదు, 'ఏఎస్ఈఆర్'. ఇరవై పేర్ల లిస్టులో లేకపోతే వదిలెయ్ అని కోడ్‌లో రాసింది నేనే. వదిలేసింది పాపం. లైబ్రరీ మాత్రం రెండింటినీ దాచుకుని, ఆక్యుపెన్సీ ఎక్కువున్నదాన్ని ముందు అందిస్తుంది.

లైబ్రరీతో మళ్లీ రన్ చేశాను. సెరీన్ మందుకి దాదాపు 3 ఆంగ్‌స్ట్రామ్‌ల దూరంలో ఉంది.

రూంకి వెళ్లేసరికి వాడు ఆ పేజీన్నరకే స్లైడ్లు చేస్తున్నాడు. ఏమీ అనకుండా స్క్రీన్ చూపించాను. చాలాసేపు చూసి, "ఎప్పట్నుంచి వాడుతున్నావ్‌రా బయోపైథాన్?" అన్నాడు. "సాయంత్రం నుంచి," అన్నాను. ఇంకేం అడగలేదు. పేజీన్నర సెలెక్ట్ చేసి డిలీట్ కొట్టాడు.

రివ్యూలో మొదటి స్లైడే అది పెట్టాం. ఫస్ట్ రివ్యూలో చూపించింది తప్పు, ఎక్కడ తప్పు, ఏ గడిలో తప్పు. మేడం కాసేపు ఆగి, "అప్పుడు నేను బాగుందన్నానా?" అని అడిగారు. అన్నారని చెప్పాం. "నేనూ ఫైల్ తెరిచి చూడలేదు," అన్నారు.

మార్కులు మాత్రం కోసేశారు.