నెలవంకకు లీవ్ లెటర్ ఎట్ల పెట్టాలె

జర పెద్ద పోస్టు. తీరిక ఉన్నప్పుడే చదవండి.

మా హాస్టల్ రూమ్మేట్ ఒక వీడియో గేమ్ తయారు చేస్తున్నడు. అంతా ఊహాలోకం. అక్కడ కాలం ఒకే తీరుగ నడవదట. "దానికొక క్యాలెండర్ కావాలెరా, ఎవ్వరూ విననిది. ఏదన్న ఐడియా చెప్పు" అన్నడు. నేను చెప్పిన: ఒక జాతర నుంచి ఇంకో జాతరకు ఒకసారి 384 రోజులు, ఆ తర్వాత 354 రోజులు. కొన్ని సంవత్సరాల్లో ఒకే నెల రెండుసార్లు వస్తది. నెలవంక కనబడ్డంకనే పెద్దలు బండి కట్టి ఊరూరికీ తిరిగి పండుగ సంగతి చెప్తరు. వాడు గబగబ రాసుకొని "మస్తుంది, ఎట్ల ఊహించినవ్రా?" అన్నడు.

నేను ఊహించింది ఏం లేదు. అవి మన నాగోబా లెక్కలే.

ఈ గ్రూపులో కోయ, లంబాడా, చెంచు తమ్ముళ్లు, చెల్లెళ్లు కూడా ఉన్నరు కాబట్టి కొంచెం చెప్తా. ఆదిలాబాద్ జిల్లా ఇంద్రవెల్లి మండలం కేస్లాపూర్‌ల పుష్య అమావాస్య రాత్రి మా మెస్రం వంశం వాళ్లు నాగోబాకు మహాపూజ చేస్తరు. దానికి కావాల్సిన గోదావరి నీళ్లు జన్నారం దిక్కు హస్తినమడుగు నుంచి ఝరిల పట్టుకొని, చెప్పులు లేకుండ నడిచి తెస్తరు. పూజ తేదీలు చూడండి: 2023ల జనవరి 21, 2024ల ఫిబ్రవరి 9, 2025ల జనవరి 28, 2026ల జనవరి 18. ఇంగ్లిష్ క్యాలెండర్ల వెతికితే జాతర గెంతినట్టు కనబడ్తది. చంద్రుని లెక్కల మాత్రం అది ఎన్నడూ కదలలేదు, అదే పుష్యం, అదే అమావాస్య.

ఎందుకట్ల అంటే, చంద్రుని నెల సుమారు ఇరవై తొమ్మిదిన్నర రోజులు. పన్నెండు నెలలు కలిపితే 354. సూర్యుని సంవత్సరానికి 11 రోజులు తక్కువ. ఆ తక్కువ రోజులు కుప్ప పడి ఇంచుమించు మూడేండ్లకు ఒక నెలంత అయితయి, అప్పుడు అధికమాసం కలుపుతరు. 2023ల అధిక శ్రావణం వచ్చింది, అందుకే ఆ సారి 384 రోజులు. కలపకపోతే ఏమైతదో హైదరాబాద్‌ల ఉన్నోళ్లకు తెలుసు. రంజాన్ నెలకు అధికమాసం లేదు కాబట్టి అది ఏటా పది పదకొండు రోజులు ముందుకు జరుగుతది. ఎండాకాలంల ఉన్న హలీం బట్టీలు కొన్నేండ్లకు చలికాలంలకు వస్తయి.

ఇంత లెక్క ఇప్పుడు చెప్తున్న గాని, అవసరమైన రోజు నాకు తెల్వదు.

2024ల నేను ఉట్నూర్‌ల ఇంటర్. జాతర రోజు తాత అన్నడు: "వచ్చే ఏడు నాతోని హస్తినమడుగు నుంచి నడువు. నా కాళ్లు ఇంక ఒక్కసారే." సరే అన్న. తర్వాత డిగ్రీకి ఇక్కడికి వచ్చిన. మా ఇంట్ల కాలేజీ మెట్లెక్కింది నేనే మొదలు. ఫీజు బాకీలకు మాదాపూర్‌ల ఒక చిన్న ఆఫీసుల వారానికి నాలుగు రాత్రులు చాటింగ్ సపోర్టు పని దొరికింది. అమెరికా కస్టమర్లు. పోయినసారి ఫిబ్రవరి 9 కదా అని, 2025ల కూడ ఫిబ్రవరి మొదటి వారం లీవ్ పెట్టిన. పంచాంగం చూడలే, అమ్మను అడగలే. చదువుకున్నోన్ని కదా!

కొత్త సంవత్సరం పటాకుల పొగ కొండాపూర్ మీద ఇంకా పోనే లేదు, అమ్మ ఫోన్ చేసింది: "నెలవంక కనబడ్డది బిడ్డా, పెద్దలు తిరగబోతున్నరు. ఎప్పుడొస్తున్నవ్?" నాకు గుండె ఆగినంత పనైంది. లీవ్ మార్చమని అడిగితే జనవరి రోస్టర్ అయిపోయింది అన్నరు. "తారీకు పక్కాగ లేని పండుగ ఎట్లుంటదయ్యా?" అన్నడు మా టీమ్ లీడ్. కోపంగ కాదు, నిజంగనే తెల్వక అడిగిండు. నేను కూడ సరిగ చెప్పలేకపోయిన. పని వదులుకునే ధైర్యం లేకుండె.

తాత నడిచిండు. నేను లేను.

మార్చిల ఆఫీసుకు మెయిల్ వచ్చింది: ఆదివారం నుంచి షిఫ్టు ఏడున్నరకు కాదు, ఆరున్నరకు. అమెరికాల మార్చి రెండో ఆదివారం గడియారం గంట ముందుకు జరుపుతరు, నవంబర్ మొదటి ఆదివారం వెనక్కి. న్యూయార్క్‌కు మనకు తేడా చలికాలంల పదిన్నర గంటలు, ఎండాకాలంల తొమ్మిదిన్నర. మెయిల్ రాంగనే క్యాబ్ టైం మారింది, అలారాలు మారినయి. మా హాస్టల్ మెస్ ఆరున్నరకు తెరుస్తరు కాబట్టి చలికాలం నాకు వేడి అన్నం, ఎండాకాలం రాత్రి రెండింటికి చల్లారిన డబ్బా. ఒక గంట ఎట్ల మాయమైంది, ఇదేం గడియారం అని ఒక్కరు అడగలే. నాకు నవ్వొచ్చింది, మంట కూడ లేసింది. మొన్న 8వ తారీకు మళ్లీ అదే మెయిల్.

పోయిన అక్టోబర్‌ల మాత్రం పంచాంగం ముందల పెట్టుకొని లెక్క వేసిన. అధికమాసం లేదు, 355 రోజులు, జనవరి 18. మూడు నెలల ముందే లెటర్ రాసిచ్చిన, సంవత్సరాల తేదీలన్నీ పట్టిక వేసి. టీమ్ లీడ్ చదివి "ఇది మా షిఫ్టు చార్టు కంటే క్లియర్‌గుంది" అని సంతకం పెట్టిండు. కానీ నాలుగు రోజులే. ఇంద్రవెల్లి నుంచి కేస్లాపూర్ దాకనే నడిచిన. ఆ రాత్రి మా వదిన భేటింగ్ కూడ అయ్యింది.

తాతకు మోకాళ్లు లేవట్లేవు. ఆటోల వచ్చి మర్రిచెట్ల కింద కూసున్నడు. ఏమన్న అంటడేమో అనుకున్న. నా అరికాళ్లు చూసి, "ఇంతేనా నడిచింది" అన్నడు గోండిల. నేను గొప్పగ, "తాత, ఈసారి జ్యేష్ఠం రెండుసార్లు, మే 17 నుంచి అధికమాసం. వచ్చే జాతర 2027 ఫిబ్రవరి మొదటి వారంల" అన్న. "తెలుసు. పోయి పండు" అన్నడు.

మా రూమ్మేట్ గేమ్‌ల రెండుసార్లు వచ్చే నెలకు పేరు ఇంకా పెట్టలే. మీ ఊర్లల్ల నెలలను ఏమని పిలుస్తరో, పెద్దలను అడిగి కింద రాయండి. వాని కోసం కాదు, నాకే కావాలె.